ఆర్గిరిస్ కోపం, అత్త నూనె

ఆర్గిరిస్ కలూదిస్ కోపం లేకుండా నిద్రలేచిన రోజు వోలోస్ ఊళ్లో ఎవరికీ గుర్తు లేదు. తెల్లారగానే సముద్రం మీద కోపం, అంత నెమ్మదిగా ఉన్నందుకు. తరువాత కాఫీ మీద కోపం, అంత వేడిగా ఉన్నందుకు. చేపల మార్కెట్లో ఐసు దిమ్మలు మోసే పని అతనిది. భుజాన దిమ్మ పెట్టుకుని పళ్లు కొరుకుతూ వస్తుంటే, ఆ వేడికి దారిలోనే దిమ్మ సగమైపోయేదని చేపలమ్మేవాళ్లు ఒట్టేసి చెప్పేవారు.

రోజులో ఒక్క వేళ మాత్రం ఆ కోపం కదలకుండా నిలబడేది. సాయంత్రం, పాడుబడ్డ పొగాకు గోదాములో, పైనుంచి వేలాడే రెండు చెక్క రింగులు పట్టుకుని, చేతులు రెండు పక్కలకీ చాచి, గాలిలో శిలువలా ఆగిపోయినప్పుడు. ఊగడం ఎవరైనా ఊగుతారు. ఊగే తాళ్ల మధ్య ఊగకుండా ఉండటమే రింగుల విద్య. తాడు వణికితే మార్కు పోతుంది. మోచెయ్యి వంగితే మార్కు పోతుంది. ఆర్గిరిస్ శిలువ పట్టు పట్టాడంటే తాళ్లు ఇనప కడ్డీల్లా నిలబడేవి.

"ఏం చేస్తావురా అంతసేపు పైన?" అని ఎవరైనా అడిగితే, "తిట్టుకుంటాను. ఒక్కొక్కడినీ పేరు పెట్టి తిట్టుకుంటాను. ఊగితే పేర్లు మర్చిపోతాను," అనేవాడు.

అసలీ విద్య అతనికి అలకలోంచే వచ్చింది. చిన్నప్పుడు, రేవు పక్కన త్సీపురో సారా పోసే కొట్టు ముందు, మేనత్త ఎవాంథియా హల్వా కొనివ్వలేదని అలిగి, కొట్టు పందిరి కడ్డీ పట్టుకుని వేలాడాడు. దిగమంటే దిగలేదు. కొట్టువాడు చీపురుతో పొడిచినా దిగలేదు. తాగడానికొచ్చినవాళ్లు ఒక గ్లాసు అయ్యాక చూశారు, ఉన్నాడు. నంజుకోడానికి ఆక్టోపస్ ముక్కలు వచ్చాక చూశారు, ఉన్నాడు. ఇంకో రెండు గ్లాసులయ్యాక చూస్తే ఇద్దరు పిల్లలు కనిపించారు, ఇద్దరూ వేలాడుతూనే ఉన్నారు.

బడిలో వ్యాయామం నేర్పే ప్రోద్రొమోస్ మాస్టారు అటువెళుతూ ఆగి, "ఈ పిల్లాడు ఎవరి తాలూకు అమ్మా?" అన్నాడు.

"నా తాలూకే. కావాలంటే తీసుకుపో," అంది ఎవాంథియా విసుగ్గా.

మాస్టారు నిజంగానే తీసుకుపోయాడు. ఆ రోజు నుంచి సాయంత్రాలు అతనివి, తక్కిన రోజంతా అత్తది. పిల్లవాడి అమ్మానాన్నా అప్పటికే మెల్బోర్న్ వెళ్లిపోయారు, స్థిరపడ్డాక పిలిపించుకుంటామని. స్థిరపడ్డారు. పిలిపించుకోలేదు.

పంతొమ్మిదో ఏట ఆర్గిరిస్ రింగుల్లో దేశానికే మొదటివాడయ్యాడు. ఊరు ఊరంతా స్టేషనుకొచ్చింది. బ్యాండుమేళం వచ్చింది. మేయరు వచ్చి అతని భుజం మీద చెయ్యేసి ఫొటో తీయించుకుని, "గోదాము పైకప్పు బాగుచేయిస్తాను, ఇది నా మాట," అన్నాడు. ఆ మేయరు దిగి ఇంకో మేయరు ఎక్కాడు. ఆయనదీ ఒక ఫొటో, ఆయనదీ ఒక మాట. పైకప్పు కారుతూనే ఉంది. వాన పడితే ఆర్గిరిస్ రింగులు ఎటు జరిపితే ధారకూడా అటే జరిగేదంటే ఊళ్లో అందరూ నమ్మేవారు.

యూరప్ పోటీల్లో ఒకసారి ఏడో స్థానం వచ్చింది. తరువాత భుజంలో కండ తెగింది. జిమ్నాస్టిక్స్ సమాఖ్యవాళ్లు ఫోన్ చేసి "త్వరగా కోలుకోవాలి నాయనా" అన్నారు, ఫోన్ పెట్టేయగానే జట్టులోంచి పేరు కొట్టేశారు. అతను కోలుకున్నాడు. మళ్లీ దేశంలో మొదటివాడయ్యాడు. ఈసారి బ్యాండు రాలేదు. దేశానికి డబ్బులేని రోజులొచ్చాయి, బ్యాండువాళ్లకి జీతాలు లేవు. గోదాములో చలి కాచుకునే పొయ్యి కూడా ఆపేశారు. నోట్లోంచి ఆవిరి వస్తుండగా రింగులెక్కేవాడు. తిట్టుకోవలసిన పేర్లు పెరిగాయి, దాంతో పట్టు నిలిచే సేపు కూడా పెరిగింది. మాస్టారికి అదొక్కటే సంతోషం.

అలా ముప్పై రెండేళ్లు వచ్చాయి. ఆ వసంతంలో యూరప్ పోటీలకి రింగుల మనిషిని ఒక్కణ్ణే పంపుతామని సమాఖ్య ప్రకటించింది. ఏథెన్స్‌లో ఎంపిక. ఇది పోతే ఇంకో అవకాశం దాకా భుజం ఆగుతుందన్న నమ్మకం లేదు.

ఎదుట ఉన్నవాడు ఫోకియోన్ అనే ఏథెన్స్ కుర్రాడు. పెద్ద బంగళాల పేటలో ఇల్లు, వెచ్చటి వ్యాయామశాల, విదేశాల్లో శిక్షణ. అన్నిటికంటే ఘోరం, మర్యాదస్తుడు. కనిపించినప్పుడల్లా తల వంచి, "మీ శిలువ పట్టు చూసే నేను నేర్చుకున్నానండీ ఆర్గిరిస్ గారూ," అనేవాడు.

"వీడు ఒక్కసారి నన్ను బూతు తిడితే నాకు ప్రాణం లేచొస్తుంది మాస్టారూ," అనేవాడు ఆర్గిరిస్.

ఎవాంథియా అత్త ఎప్పుడూ పోటీలకి వచ్చేది కాదు. మేనల్లుడు పైన వేలాడుతుంటే చూసే గుండె ఆమెకి లేదు. ఈసారి ఆఖరుదేమోనని, నల్ల బట్టలు కట్టుకుని, నల్ల రుమాలు చుట్టుకుని, వేయించిన మాంసం ఉండల డబ్బాతో మాస్టారి కారెక్కింది. ఒళ్లో ఒక చిన్న సీసా కూడా ఉంది. ఇంట్లో పునీతుడు నెస్టర్ పటం ముందు వెలిగే దీపంలోంచి ముంచిన నూనె అది. నెస్టర్ అంటే కొండంత మల్లయోధుణ్ణి పడగొట్టిన బక్క కుర్రాడు, ఆటగాళ్లకి ఆయనే దిక్కు. ప్రతి పోటీకి ముందూ ఆ నూనెతో మేనల్లుడి నుదుట శిలువ గుర్తు వేసి పంపడం ఆమె అలవాటు.

ఏథెన్స్‌లో బంధువుల ఇంట్లో దిగారు. సాయంత్రం ఆర్గిరిస్, మాస్టారు హాలు చూసొస్తామని వెళ్లారు. అత్త ఒంటరిగా కూర్చుని ఆలోచించింది. నుదుటితో ఎవరైనా రింగులు పట్టుకుంటారా? పని చేసేది చేతులు. ఇన్నేళ్లూ తప్పు చోట రాస్తూ వచ్చానన్నమాట, అందుకే ఏడో స్థానం వచ్చింది, అనుకుంది.

మేనల్లుడి సంచి తెరిచింది. రింగులు పట్టేటప్పుడు అరచేతులకి బిగించుకునే తోలు పట్టీలు అందులో ఉన్నాయి. పైవైపు సుద్దపొడి అంటుకుని తెల్లగా ఉంది. ఆ పొడి వాడికి ఎంత ముఖ్యమో ఆమెకి తెలుసు, దాని జోలికి పోయేంత తెలివితక్కువది కాదు. అందుకని లోపలివైపు, చర్మానికి ఆనే వైపు, దూదితో ఒక శిలువ వేసింది. దాని పక్కన ఇంకోటి. మణికట్టు దగ్గర మరోటి. తోలు పాతది, దాహం మీద ఉంది, ఎంత రాస్తే అంత తాగింది. పునీతుడే తాగుతున్నాడనిపించి ఆమె కళ్లు చెమర్చాయి. సీసా అంతా పట్టించింది.

మర్నాడు పట్టీలు బిగించుకుంటుంటే ఆర్గిరిస్‌కి సాంబ్రాణి వాసన తగిలింది. పొద్దున్న అత్త కావలించుకుంది కదా, ఆమె రుమాలు వాసన అనుకున్నాడు. సుద్దపొడి దట్టంగా మెత్తుకున్నాడు. మాస్టారు నడుం పట్టుకుని పైకెత్తాడు. రింగులు అందాయి.

ముందు శిలువ పట్టు. తాళ్లలో చిన్న వణుకు కూడా లేదు. ఆ తరువాత వానకోయిల పట్టు, చాచిన చేతుల మీద ఒళ్లంతా నేలకి సమానంగా పరుచుకుని, గాలిలో పడుకున్నట్టు. మేయర్లనీ సమాఖ్యనీ వరసగా తిట్టుకుంటూ పట్టాడు. న్యాయనిర్ణేతల్లో ఒకాయన రాయడం మానేసి చూస్తూ ఉండిపోయాడు. ఎవాంథియా కూడా వేళ్ల సందుల్లోంచి చూసింది.

అప్పటికి చేతులు వేడెక్కాయి, చేతులతోపాటు తోలు వేడెక్కింది. రాత్రంతా తాగిన నూనెని మెల్లగా కక్కడం మొదలుపెట్టింది. ఆర్గిరిస్ తలకిందులుగా చేతుల మీద నిలబడటానికి వెనకనుంచి ఊపు తీసుకున్నాడు. కుడి రింగు తడి సబ్బులా జారిపోయింది. ఎడమ చేతి మీద గిర్రున తిరిగి, అదీ జారి, పరుపు మీద వెల్లకిలా పడ్డాడు. హాల్లో కిటికీ అద్దాలు గలగలమన్నాయి.

మాస్టారు పరుగెత్తి, ఎముకలు చూడాల్సింది పోయి పట్టీ చూశాడు. వేళ్లతో నలిపాడు. వేళ్లు మెరిశాయి.

"నూనె!" అని అరిచాడు. "నా మనిషి పట్టీలకి నూనె పూశారు దొంగ వెధవలు!"

అతని చెయ్యి తిన్నగా ఫోకియోన్ వైపు లేచింది. బట్టలు మార్చుకునే గదిలో ఇద్దరి సంచులూ ఒకే బల్లమీద ఉన్నాయి మరి.

ఫోకియోన్ మొహం సుద్దకంటే తెల్లబడింది. "మీరు పొరబడుతున్నారండీ. నేను అటువంటి..." అంటుండగానే ఆర్గిరిస్ లేచి వెళ్లి వాడి చొక్కా పట్టుకున్నాడు.

"అండీ ఏంట్రా అండీ! చేసేది దొంగపని, పైగా అండీ! మనిషివైతే రా, కొట్టుకుందాం!"

నలుగురు కలిసి విడదీశారు. న్యాయనిర్ణేతల పెద్ద కల్లిరోయి అనే పొట్టి ఆవిడ, కళ్లజోడు తీసి బల్లమీద పెట్టింది. "అరవకండి. ఎవరో కావాలని పాడుచేశారంటే అతను మళ్లీ ఎక్కొచ్చు. కాదంటే పడ్డది పడ్డట్టే. తతిమ్మావాళ్ల ఆట ముగిసేలోపు విచారించి తేలుస్తాను. ముందు ఈ అబ్బాయితో మాట్లాడతాను," అని ఫోకియోన్‌ని పక్కకి తీసుకుపోయింది.

ఆర్గిరిస్‌నీ మాస్టారినీ బట్టల గదిలో కూర్చోమన్నారు. ఆర్గిరిస్ కూర్చోలేదు. ఒక మూలనుంచి ఇంకో మూలకి నడుస్తూ గోడల్ని తిట్టాడు. మాస్టారు మాత్రం చేతులు రుద్దుకుంటున్నాడు.

"మంచిదే అయిందిరా. మళ్లీ ఎక్కనిస్తారు. నా పాత పట్టీలున్నాయి, అవి వేసుకో. శిలువ అలాగే పట్టావంటే ఆ కుర్రాడు నీ గాలికి కూడా అందడు."

తలుపు తోసుకుని ఎవాంథియా వచ్చింది, చంకలో మాంసం ఉండల డబ్బాతో. "ఒరేయ్, ఏదీ వీపు చూపించు! విరిగిందా? ఈ మాస్టారు ఏమిటి అలా అరిచాడు, నాకు ఒక్క ముక్క అర్థం కాలేదు."

"పట్టీలకి ఎవడో నూనె పూశాడు అత్తా."

అత్త మొహం వెలిగిపోయింది. "అయ్యో, కనిపించిందా? కనపడకూడదనే లోపలివైపు పూశానే!"

ముందుగా తేరుకున్నది మాస్టారు. వెళ్లి తలుపు మూసి, దానికి వీపు ఆనించి నిలబడ్డాడు.

"అమ్మా ఎవాంథియా, నువ్వేమీ అనలేదు. మేమేమీ వినలేదు."

"ఎందుకు? దొంగిలించిన నూనెనా? మా నెస్టర్ దీపంలోది!"

"అది బయటికి చెబితే వీడి పని అయిపోయినట్టే! ఇంకెవరో చేశారంటేనే మళ్లీ ఎక్కనిస్తారు."

ఆర్గిరిస్ అత్తకేసి చూస్తున్నాడు. చెవులు ఎర్రబడ్డాయి, మెడ ఎర్రబడింది. "నీకెవరు చెప్పారు నా సంచి ముట్టుకోమని? తెలియని పని ఎందుకు చేస్తావు? ఏళ్ల తరబడి ఒళ్లు హూనం చేసుకున్నాను, ఆ పైకప్పు కింద తడిశాను, భుజం కుట్టించుకున్నాను, నువ్వు ఆ నూనెతో తుడిచేశావు! నువ్వు నాకు అమ్మవా ఏమన్నా? ఎవరు నువ్వు?"

ఎవాంథియా డబ్బాని బల్లమీద పెట్టింది. గట్టిగా పెట్టింది.

"కాదు. అమ్మను కాదు. మీ అమ్మ నూనె పూయలేదు, నిన్ను పాడుచేయలేదు. మెల్బోర్న్‌లో హాయిగా ఉంది. దానికి పుట్టినరోజున ఫోన్ చేసి 'ఎలా ఉన్నావమ్మా' అంటావు. నామీద అరుస్తావు. అరుచుకో. అరవడానికి దగ్గరున్నది నేనే కదా!"

"అరవద్దు ఇద్దరూ, గోడలకి చెవులున్నాయి!" అన్నాడు మాస్టారు, అందరికంటే గట్టిగా.

అంతలో పిలుపొచ్చింది.

బల్ల వెనక కల్లిరోయి, ఆవిడకి అటూ ఇటూ సమాఖ్య కోటుల్లో ఇద్దరు. పక్కన ఫోకియోన్ నిలబడి ఉన్నాడు, కళ్లు ఎర్రగా, చొక్కా గుండీ ఒకటి ఊడి. హాల్లో ఉన్నవాళ్లంతా వాడికేసి గుసగుసలాడుతున్నారు. మాస్టారు మోచేత్తో ఆర్గిరిస్ పక్కటెముకల్లో పొడిచాడు.

"ఆర్గిరిస్, మీ పట్టీలు ఎవరు ముట్టుకున్నారో మీకు అనుమానం ఉందా?" అంది కల్లిరోయి. "ఈ అబ్బాయి తాను కాదంటున్నాడు. మీ మాస్టారు ఇతనే అంటున్నారు. మీరు చెప్పండి."

అవునంటే చాలు. నోరు మూసుకున్నా చాలు. మళ్లీ ఎక్కొచ్చు, ఎక్కితే నెగ్గుతాడు, అది అందరికీ తెలుసు. ఆర్గిరిస్ ఫోకియోన్‌ని పైనుంచి కిందికి చూశాడు. ఆ కుర్రాడి కొత్త బూట్లంటే అసహ్యం. వాడి దువ్విన జుట్టంటే అసహ్యం. వాడు తల వంచే తీరంటే మరీ అసహ్యం. వీడు ఇంటికి పోతే పోనీ, వీడికేం, వెచ్చటి వ్యాయామశాల ఉంది. అబద్ధం నాలుక చివరిదాకా వచ్చింది.

కోటు వేసుకున్న ఇద్దరిలో ఒకాయన ముందుకి వంగి, మెత్తగా అన్నాడు. "చెప్పు నాయనా. ఇంత పెద్ద ఆటగాణ్ణి ఇలా పడగొట్టాడంటే మామూలువాడు కాడు."

అక్కడ తిక్క రేగింది ఆర్గిరిస్‌కి.

"వీడా? వీడు నన్ను పడగొట్టాడా?" అతని అరుపుకి పైన వేలాడే రింగులు కదిలాయి. "వీడికి ఇంకొకడి సంచి తెరిచే దమ్ముంటే ఇన్నేళ్లు నాకు దణ్ణాలు పెడతాడా? నన్ను మీ సమాఖ్య పడగొట్టలేకపోయింది. తెగిన భుజం పడగొట్టలేకపోయింది. నన్ను పడగొట్టాలంటే మా ఇంట్లోవాళ్లకే చేతనవుతుంది! మా అత్త పూసింది. రాసుకోండి!"

మాస్టారు రెండు చేతులతో తల పట్టుకున్నాడు.

"మీ అత్తా?" అంది కల్లిరోయి.

వెనకనుంచి నల్ల రుమాలు ముందుకొచ్చింది. "నేనే. ఎవాంథియా నా పేరు. పునీతుడి నూనె పూశాను. ఆ అబ్బాయిని వదిలేయండి, ఏడుస్తున్నాడు. ఇందులో తప్పేమిటో నాకెవరైనా చెప్పండి. తప్పంటే వెళ్లి నెస్టర్‌ని అడగండి."

కల్లిరోయి కళ్లజోడు తుడిచి పెట్టుకుంది. "మీ వస్తువులు భద్రంగా చూసుకునే బాధ్యత మీదీ, మీవాళ్లదీ. పడ్డది పడ్డట్టే," అంది. యూరప్ వెళ్లే చోటు ఫోకియోన్‌కి పోయింది.

ఫోకియోన్ వచ్చి ఎదురుగా నిలబడ్డాడు. "మీరు నిజం చెప్పకపోతే నా బతుకు..."

"అవతలికి పో," అన్నాడు ఆర్గిరిస్. "నీకోసం చెప్పానా? అక్కడ నీ భుజాలు వాల్చావంటే మాత్రం వచ్చి తంతాను."

"సరే," అన్నాడు ఫోకియోన్. అండీ అనలేదు.

తిరుగు ప్రయాణంలో కార్లో ముగ్గురికీ కోపమే. మాస్టారికి ఆర్గిరిస్ మీద, ఆర్గిరిస్‌కి అత్త మీద, అత్తకి ఇద్దరి మీదా, కొంత నెస్టర్ మీదా. కారు ఏథెన్స్ దాటి లామియా ఊరి దగ్గరికి వచ్చింది. అప్పుడు మాస్టారు అద్దంలోంచి వెనక సీటుకేసి చూసి అన్నాడు.

"అమ్మా, మీ మేనల్లుడితో చెప్పు. అంత గాడిదని నేను ఇంతవరకూ రింగులకి ఎత్తలేదని."

"నువ్వే చెప్పు. నీ పక్కనే కూర్చున్నాడు."

"నేను వాడితో మాట్లాడను."

"మాట్లాడకపోతే మానె," అన్నాడు ఆర్గిరిస్. "అత్తా, ఆయనతో చెప్పు. వచ్చే ఏడాది మళ్లీ ఎంపిక ఉంది. నేను ఎక్కుతాను. పట్టీలు లేకుండా ఎక్కుతాను. తోలన్నది ఇంట్లో ఉంటే కదా ఎవరైనా దానికి ఏదైనా పూసేది!"

మాస్టారు కారు పక్కకి తీసి ఆపేశాడు. "ఒట్టి చేతులతోనా? పిచ్చెక్కిందా? ఊపులో అరచేతుల చర్మం ఊడి రింగుకి అంటుకుంటుంది!"

"అంటుకోనీ."

"ముప్పై మూడేళ్లు వస్తాయి నీకు!"

"నాకూ లెక్కలొచ్చు."

ఎవాంథియా ముందుకి వంగింది. "మరి నూనె చేతులకి రాయనా?" అంది.

"వద్దు!" అని అరిచారు ఇద్దరూ ఒక్కసారే.

"అయితే మాంసం ఉండలూ వద్దు," అని డబ్బా ఒళ్లోకి లాక్కుని, వోలోస్ చేరేదాకా ఒక్కతే తింది.

మర్నాడు ఐసు మోసి, సాయంత్రం ఆర్గిరిస్ గోదాముకి వెళ్లాడు. మాస్టారు అప్పటికే అక్కడున్నాడు, రింగులకింద నిలబడి, మూతి ముడుచుకుని. నడుం పట్టుకుని ఎత్తాడు. చెక్క అరచేతులకి గరుగ్గా, చల్లగా తగిలింది. ఊపు తీసుకున్నాడు. ఒకటి బాగానే వచ్చింది. రెండోదానికి కుడి అరచేతిలో చర్మం చిట్లింది. మూడోదానికి రింగు మీద నెత్తురు కనిపించింది. చెయ్యి వదిలేసి పరుపు మీదికి దూకి, చెక్కనీ, చెక్క నరికినవాణ్ణీ, ఆ చెట్టునీ తిట్టాడు.

"కుడి భుజం దించావు," అన్నాడు మాస్టారు. నిన్న కార్లో అరిచాక అతనితో అన్న మొదటి మాట ఇదే.

"దించలేదు."

"దించావురా. నేను చూశాను."

ఆర్గిరిస్ చేతులు రెండూ సుద్దపొట్లంలో ముంచాడు. పొడి ఎర్రబడింది. రింగుల కిందికి వచ్చి నిలబడ్డాడు.

"ఎత్తండి," అన్నాడు.